నలభై ఏడుకు పైన, నలభై ఎనిమిదికి లోపల

ఒక చిన్న గీత. అగ్గిపుల్లంత కూడా ఉండదు. దాన్ని ఉండకూడని చోట గీసినందుకు, ఇరవయ్యేళ్ల వయసులో నేను కొండగట్టు మీద, శనివారం నాడు, జాతరంత జనం ముందు, గోచీ మీద గాలిలో వేలాడాను. మీరు నవ్వాలనుకుంటే నవ్వండి, మొహమాటం వద్దు. ఆ రోజు నవ్వినవాళ్లెవరూ నన్నడిగి నవ్వలేదు.

మాది సుల్తానాబాద్. బాపు, అంటే మా నాన్న, మగ్గం నేసేవాడు. శేర్లు పోయి కిలోలు వస్తున్న కొత్త రోజులవి. మెట్రిక్ పరీక్షలో నేను లెక్కల్లో ఒకసారి తప్పి, రెండోసారి గట్టెక్కాను. నన్ను గట్టెక్కించింది ఆల్జీబ్రాలో అసమానతల లెక్క. అంటే ఒకటి ఇంకోదానికంటే ఎక్కువ, వేరొకదానికంటే తక్కువ అని చెప్పి, అసలది ఎంతో కనుక్కోమంటారే, ఆ లెక్క. ఒకే ఒక్క లెక్క చేయగలిగినవాడికి లోకమంతా అదే లెక్కలాగా కనబడుతుంది. చదవేస్తే ఉన్న మతి పోయిందంటారు. నాకు పోలేదు. ఉన్న కాస్త మతీ ఆల్జీబ్రాలోకి వలస పోయింది.

నేను పాసయ్యానని తెలిసిన రోజు నాకంటే ఎక్కువ ధీమాగా ఉన్నది అవ్వ, అంటే మా అమ్మ. ఆమె ఉద్దేశంలో ఆ పరీక్ష పాసైంది నేను కాదు, కొండగట్టు అంజన్న. నేను లెక్కల్లో గట్టెక్కితే నా ఎత్తు బెల్లం ఇస్తానని ఆమె మొక్కుకుంది. తెలియనివాళ్ల కోసం చెబుతున్నాను, మనిషిని తరాజులో ఒక పక్క కూర్చోబెట్టి, రెండో పక్క అతని బరువుకు తగ్గ బెల్లం పెట్టి దేవుడికి ఇవ్వడమే ఎత్తు బెల్లం. అందులో అవ్వ ఒక మెలిక కూడా పెట్టుకుంది. బజారు బెల్లం పనికిరాదు, మెట్‌పల్లి దగ్గర ఆమె తమ్ముడు, అంటే మా మేనమామ, సొంత చెరుకు ఆడించి వండిన బెల్లమే కావాలి. పుట్టింటి బెల్లం మీద ఆడవాళ్లకుండే ప్రేమ దేవుడి మీద కూడా ఉండదని నాకు అప్పుడే తెలిసింది.

ఆ ఏడు మామ చెరుకుకు చెదలు పట్టి సగం తోట పోయింది. అందరికీ ఇవ్వాల్సింది ఇచ్చేశాక మిగిలింది ఒక్క బస్తా. కొత్త కిలో రాళ్లతో తూచి కబురు పంపాడు. నలభై ఎనిమిది కిలోలు. గోకి చూసినా ఇంకో ముద్ద లేదన్నాడు.

సరిగ్గా అదే సమయంలో ఆదిలాబాద్ అడవులకు ఫారెస్టు గార్డులు కావాలని పిలుపు వచ్చింది. ఆ కొలువు నాకు ఎంత అవసరమో చెప్పకుండా ముందుకు పోలేను. బాపు చూపు మసకబారుతోంది. పోగు తెగితే కళ్లతో వెతకడం మానేసి వేళ్లతో తడుముకునేవాడు. నేనింత సంపాదిస్తే తప్ప ఆయన కాళ్లు దించుకుని కూర్చునే ఆ మగ్గం గుంటలోంచి పైకి రాడు. ఆయన నోరు తెరిచి ఎప్పుడూ అనలేదు గానీ, నాకు మాత్రం ఆ కొలువు తప్ప వేరే ధ్యాస లేదు.

గార్డుకు ఒక షరతు ఉంది. మనిషి నలభై ఏడు కిలోలకు తక్కువ ఉండకూడదు. అంతకంటే తేలికైనవాడు అడవిలో గాలికి కొట్టుకుపోతాడని కాబోలు. డాక్టరు పరీక్ష కరీంనగర్‌లో, సోమవారం పొద్దున. అవ్వ ఆ మాట వినగానే, ముందు మొక్కు, తర్వాత కొలువు అని తేల్చేసింది. "దేవునికి బాకీ పెట్టుకోని నౌకరి అడుగవోతవా" అంది. కాబట్టి శనివారం కొండగట్టు, సోమవారం కరీంనగర్.

ఇప్పుడు మీరొకటి చెప్పండి. బుద్ధి ఉన్నవాడు ఎవడైనా ఏం చేస్తాడు? శనివారం దాకా మామూలుగా తిని తరాజెక్కుతాడు. దిగాక ఆదివారమంతా మెక్కి సోమవారం డాక్టరు ముందు నిలబడతాడు. అంతే కదా. కానీ నేను ఆల్జీబ్రా పాసైనవాణ్ణి. నా బరువు ఎక్స్. ఎక్స్ శనివారం ఒకటి, సోమవారం ఒకటి అయితే దాన్ని ఎక్స్ అంటారా? రెండు షరతులూ ఒకేసారి నెరవేరాలి, అప్పుడే అది లెక్క అని పట్టుబట్టాను. ముందు నుయ్యి, వెనక గొయ్యి అంటారు చూడండి, నాకు కింద నలభై ఏడు, పైన నలభై ఎనిమిది.

బొగ్గు తీసుకుని వసారా గోడ మీద పెద్దగా రాశాను. నడుమ ఎక్స్, ఎడమ పక్క నలభై ఏడు, కుడి పక్క నలభై ఎనిమిది, మధ్యలో కాకి నోరు తెరిచినట్టు రెండు గుర్తులు. కాకి ఎప్పుడూ పెద్ద ముద్ద వైపే నోరు తెరుస్తుందని మా సారు చెప్పిన కిటుకు. ప్రతి నోటి కిందా ఒక గీత గీశాను. ఆ గీత ఉంటే సమానమైనా ఫరవాలేదని అర్థం. అంటే నేను సరిగ్గా నలభై ఏడున్నా కొలువే, సరిగ్గా నలభై ఎనిమిదున్నా మొక్కే. ఎంత బాగా కుదిరిందో అని రెండడుగులు వెనక్కి వేసి చూసుకుని మురిసిపోయాను.

అవ్వ వచ్చి చూసి, నిన్ననే అలికిన గోడకు ఈ కాకులేమిటని అడిగింది. నేను ఆమెకు అసమానతలు బోధించాను. ఆమె ఓపికగా విని, చివరికి, నువ్వు చెప్పేదాన్ని బట్టి ఈ పూట వంట ఎంతమందికి చేయాలో అది చెప్పమంది.

అప్పటికి నేను నలభై ఐదు. కాబట్టి మొదటి పని తినడం. జొన్న రొట్టెలు, పెసరపప్పు, గడ్డపెరుగు, పక్కింటివాళ్లు మర్యాదకు తినమంటే వాళ్ల ఇంట్లో కూడా తిన్నాను. రోజూ పొద్దున్నే రైసు మిల్లుకు పోయి, పంచె విప్పి పక్కన పెట్టి, వడ్ల బస్తాలు తూచే కాంటా ఎక్కేవాణ్ణి. అక్కడి గుమాస్తా మొదట్లో సరదాపడ్డాడు, తర్వాత విసుక్కున్నాడు, ఆ తర్వాత నన్ను కూడా బస్తాగానే లెక్కబెట్టి, పేరుతో పిలవకుండా "ఎక్కు, దిగు" అనడం మొదలుపెట్టాడు.

నలభై ఏడు దాటినప్పుడు గోడ ముందు నిలబడి దండం పెట్టాను. అసలు చిక్కు ఆ తర్వాత వచ్చింది. తినడం అలవాటైన కడుపు ఆగదు. ఒక రోజు కాంటా ముల్లు నలభై ఎనిమిది దగ్గరకు పోయి నిలబడితే నాకు చెమటలు పట్టాయి. ఆ పూట మంచినీళ్లతో సరిపెట్టాను. మరునాడు నలభై ఏడు కంటే కిందికి జారాను. రెండు పూటల తిండి ఒక పూటే తిన్నాను. ఇలా పైకీ కిందికీ ఊగుతున్న కొడుకుకు వంట చేయలేక అవ్వ ఒకరోజు గరిటె పట్టుకుని ఎదురుగా వచ్చి నిలబడింది.

"రాజేశా, తింటవా తినవా? ఒక్క మాట చెప్పు."

"రెండూ అవ్వా."

"రెండూ అంటె?"

"తినాలె, తినొద్దు. నడిమిట్ల ఉండాలె."

అవ్వ గరిటె కింద పెట్టి బాపు వైపు తిరిగింది. చదువు ఎక్కువైతే ఇట్లనే ఉంటదా అని అడిగింది. బాపు మగ్గం ఆపకుండానే, మనకెట్ల తెలుస్తది, మనం చదువుకోలేదు కదా అన్నాడు. ఆయన నన్ను సమర్థించాడో వెక్కిరించాడో నాకు ఈనాటికీ తెలియదు.

ఇంత పట్టుదల వృథా పోతుందా? శుక్రవారం పొద్దున కాంటా ముల్లు నలభై ఏడున్నర దగ్గర నిలబడింది. కింద అర కిలో, పైన అర కిలో, నేను నట్టనడుమ. ఆల్జీబ్రా పుస్తకంలో కూడా ఇంత అందమైన జవాబు ఉండదు. గుమాస్తాకు ఆ సంగతి వివరించబోతే, వెనక బస్తాలు ఆగిపోయాయి, దిగమన్నాడు.

శనివారం అందరం కొండగట్టు చేరాం. మామ బెల్లం బస్తాతో బండి కట్టుకుని వచ్చాడు. మొక్కు రోజు కదా, పచ్చి మంచినీళ్లు కూడా ముట్టలేదు. తరాజు దాకా అంతా నా లెక్క ప్రకారమే నడిచింది. ఆ తర్వాత అవ్వ, కోనేట్లో మునిగి రమ్మంది.

అయ్యా, మొక్కు తీర్చుకునేవాడు తల మీంచి స్నానం చేసి తడి బట్టలతో తరాజు ఎక్కాలి. పుట్టినప్పటి నుంచి నేను చూస్తున్న ఆచారమే. ఒక్కసారైనా గుర్తుకొచ్చిందా? రాలేదు. గోడ మీద నా ఎక్స్ పొడిగా ఉంది. ఇక్కడ ఎక్స్ నిండా నీళ్లు కారుతున్నాయి.

గొలుసులకు వేలాడే పెద్ద పలక మీద నన్ను కూర్చోబెట్టారు. ఎదుటి పలక మీద మామ బస్తా. నేను చేతులు జోడించి, హుందాగా కళ్లు మూసుకున్నాను. పైకి లేస్తానని ఎదురు చూస్తున్నాను. లేవలేదు. కళ్లు తెరిస్తే నేను నేల మీద, బెల్లం నా తల పైన ఊగుతోంది. జనం చుట్టూ మూగారు. పక్కన బెల్లం అమ్మేవాడు రెండు ముద్దలు పట్టుకుని ఆశగా ముందుకొచ్చాడు. అవ్వ వాణ్ణి చూపుతోనే వెనక్కి పంపింది. బజారు బెల్లం ఆమె మొక్కలేదు.

దిగి బట్టలు పిండుకుని వస్తానన్నాను. దిగితే మొక్కు విరిగినట్టేనని అవ్వ, అవునని మామ, అవునని ముక్కూ మొహం తెలియని పదిమంది. సరే, కూర్చునే తేల్చుకుంటానని పంతం పట్టాను. ముందు తువ్వాల తీసి ఇచ్చాను. పలక జానెడు లేచింది. ఇక మిగిలింది పంచె. అవ్వ కొంగు అడ్డం పెట్టింది. ఆ కొంగు నన్ను కప్పిందో లేదో గానీ, ఇక్కడేదో జరుగుతోందని దూరంగా ఉన్నవాళ్లకు కూడా చెప్పింది. పంచె పోయింది. గోచీతో, గొలుసులు పట్టుకుని, నేను గాలిలోకి లేచాను. రెండు పలకలూ ఎదురెదురుగా వచ్చి, గీత గీసినట్టు ఒకే ఎత్తున ఆగిపోయాయి.

"సమానం," అని అరిచాను. "అయిపాయె అవ్వా, మొక్కు తీరింది."

తరాజు దగ్గరున్న అయ్యగారు నన్ను జాలిగా చూశాడు. "సమానం అయితెట్లనయ్యా? ఉప్పు కొన్నా జర మొగ్గు అడుగుతం. దేవునికి మొగ్గు లేకుంట తూస్తరా?"

మొగ్గు. అంగడిలో మిరపకాయలు కొన్నా, ముల్లు మన వైపు కాస్త ఒరిగితే తప్ప సంచీ పట్టం. మా ఊరి అంగడిలో మొగ్గు కోసం నేనే ఎన్నిసార్లు జగడమాడానో. అలాంటివాణ్ణి, దేవుడి దగ్గరికి వచ్చేసరికి కాకి నోటి కింద నిక్షేపంగా గీత గీసి పెట్టాను. బెల్లం నాకంటే ఎక్కువ ఉండాలి. సమానం చెల్లదు. ఆ కుడి పక్క గీత ఉండనే కూడదు.

అయ్యగారితో వాదించి చూశాను. తక్కువ కాలేదు కదా అన్నాను. ఎక్కువ కూడా కాలేదు కదా అన్నాడాయన. పైన చలిగాలి, కింద నవ్వులు. ఇక ఎక్స్‌లో తగ్గించడానికి ఏం మిగిలి ఉందని నన్ను నేను తడుముకున్నాను. గోచీ విషయంలో నాకూ జనానికీ ఒకే అభిప్రాయం ఉంది కాబట్టి చేయి తల మీదికి పోయింది.

మీకు చెప్పలేదు, నాకు అప్పుడు మంచి క్రాపు ఉండేది. కొబ్బరి నూనె పట్టించి, ముందు అల వచ్చేట్టు దువ్వేవాణ్ణి. ఊళ్లో అలాంటి క్రాపు ఇంకెవరికీ లేదని నా నమ్మకం. దాని వైపు ఒకసారి, మగ్గం గుంట వైపు ఒకసారి మనసు పోయింది. గుండ్లు చేసే ఆయన్ని పిలవమన్నాను. అవ్వ కళ్లనీళ్లు పెట్టుకుంది, బాధతో కాదు, దేవుడే అడిగి తీసుకుంటున్నాడని సంతోషంతో.

ఆయన వచ్చి, ఊగే మనిషికి గుండు చేయడం ఇదే మొదటిసారని చెప్పి, మామను గొలుసు పట్టుకోమన్నాడు. గొలుసు పట్టుకుంటే తూకం చెడుతుందని నేను వద్దన్నాను. చివరికి మామ నా చెవులు పట్టుకున్నాడు. వెంట్రుకలు పలక మీద పడకుండా అవ్వ చేట పట్టుకుంది. సగం తల అయ్యేసరికి నా పలక మెల్లగా లేచింది, బెల్లం కిందికి ఒరిగింది. జనం జేజేలు పలికారు. చాలు, ఆపమన్నాను. సగం గుండుతో కిందికి దింపితే కొండకే అరిష్టమని అయ్యగారు ఒప్పుకోలేదు. మిగతా సగంతో పాటు మీసం కూడా పోయింది. జుట్టున్నమ్మ ఏ కొప్పు పెట్టినా అందమే అంటారు. జుట్టు లేనివాడు ఏ తరాజు ఎక్కినా తేలికే.

తడిసి, గాలికి ఆరి, మళ్లీ చెమటపట్టిన ఒంటికి జ్వరం రాకుండా ఉంటుందా? ఆదివారమంతా ముసుగు తన్నాను. బుద్ధి ఉన్నవాడు మెక్కాల్సిన రోజు నాకు రెండు గ్లాసుల జావతో గడిచింది. సోమవారం కరీంనగర్ సర్కారు దవాఖానాలో, గార్డు కొలువుకు వచ్చిన వాళ్ల వరసలో నిలబడ్డాను. నా ముందు కాంటా ఎక్కినవాళ్లను చూస్తూ, నలభై ఏడు దాకా నేను రానని నాకు తెలిసిపోయింది.

అప్పుడు కొండగట్టు పాఠం పనికొచ్చింది. తడి బట్టలు బరువు. ఎంత బరువో నాకు తెలిసినంత బాగా జిల్లాలో ఇంకెవరికీ తెలియదు. వెనక నల్లా దగ్గరికి పోయి, చొక్కా పంచె తడుపుకుని వచ్చి, ఏమీ ఎరగనట్టు కాంటా ఎక్కాను. నా కింద చిన్న మడుగు కట్టింది. డాక్టరు సాబు పెద్దాయన, తెల్ల గడ్డం. కళ్లజోడు పైనుంచి గుండును, కింద నుంచి మడుగును చూశాడు.

"ఏం మియా, బయట వాన పడ్తుందా?"

అబద్ధం ఆడడానికి ఓపిక లేదు. గోడ మీద కాకుల దగ్గర నుంచి మీసం దాకా మొత్తం చెప్పేశాను. బాపు కళ్ల సంగతి కూడా చెప్పాను. ఆయన మధ్యలో కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు, నవ్వుకో దేనికో. పొడి బట్టలు కట్టుకుని, కడుపు నిండా తిని, అందరూ అయిపోయాక రమ్మన్నాడు. అంతవరకు నా కాగితం ముట్టనన్నాడు.

దవాఖానా ఎదుటి హోటల్లో జ్వరపు నోటితో నేను తిన్న తిండి గురించి అడగకండి. ఒక్కో ముద్దా మగ్గం గుంటను తలుచుకుని మింగాను. తిరిగి వచ్చి కాంటా ఎక్కాను. ముల్లు ఊగింది, ఊగింది, సరిగ్గా నలభై ఏడు మీద నిలబడింది. వెంట్రుకవాసి అటూ ఇటూ కాదు.

మళ్లీ సమానం. శనివారం సమానానికి పట్టిన గతి నెత్తి మీద చల్లగా తెలుస్తూనే ఉంది. ఇక లాభం లేదనుకుని కాంటా దిగి, చేతులు కట్టుకుని, నా కొలువును నేనే కాలదన్నుకోబోయాను.

"సాబ్, సమానమే అచ్చింది. మొగ్గు లేదు. ఇంకేం చెయ్యాలె, నేను పోతున్న."

డాక్టరు సాబు కలం ఆపి తలెత్తాడు. "తక్కువ కావొద్దని గదా సర్కారు అన్నది. తక్కువ అయిందా? కాలే. మొగ్గు దేవునికి గావాలె మియా, సర్కారుకు సరిపోతె చాలు."

సంతకం పెట్టి, ముద్ర వేసి, కాగితం చేతికిచ్చాడు. ఎడమ పక్క గీత సరైనదే. కుడి పక్కదే తప్పు. రెండు గీతల్లో ఒకటి నా జుట్టు తీసింది, ఇంకొకటి నా కొలువు నిలబెట్టింది.

ఆర్డరు వచ్చిన రోజు బాపు ఆ కాగితాన్ని వేళ్లతో తడిమి చూశాడు. నేస్తున్న చీర పూర్తి చేసి, మగ్గం గుంటలోంచి పైకి వచ్చాడు. నాకు ఏడుపొచ్చింది, దాచుకోలేదు. నవ్వుల కథలో ఏడుపేమిటని మీరు అడగొచ్చు. వచ్చింది కాబట్టి చెప్పాను.

అవ్వ మాత్రం కొండగట్టు దిక్కుకు దండం పెట్టి, ఈ కొలువు వస్తే ఇంకోసారి నా ఎత్తు బెల్లం ఇస్తానని మొక్కుకున్నట్టు చల్లగా చెప్పింది. ఎప్పుడు మొక్కావని అడిగితే, నువ్వు తరాజులో కూర్చుని గుండు చేయించుకుంటున్నప్పుడే అంది. ఆ కబురు విని మామ ఇంకో అర ఎకరం చెరుకు వేశాడు. అడవి గాలికి, సర్కారు జీతానికి నేను అప్పటికి ఎంత బరువయ్యానో ఇక్కడ చెప్పను.

రెండో మొక్కు తీర్చి కొండ దిగుతూ, అంజన్న సాక్షిగా, కొత్తగా మొలిచిన మీసం సాక్షిగా, అందరి ముందు ప్రతిజ్ఞ చేశాను. ఈ జన్మలో ఇంకెప్పుడూ దేవుడి తరాజు దగ్గర సమానం అనే మాట ఎత్తను, నా ఎక్స్‌ను గోడల మీద రాయను, తినడానికీ తినకపోవడానికీ నడుమ నిలబడను అని. అవ్వ శ్రద్ధగా విని, కొండ వైపు తిరిగి చేతులు జోడించింది. నా కొడుకు ఈ మాట మీద నిలబడితే వాని ఎత్తు బెల్లం ఇస్తానని మొక్కుకుంది.